స్తెఫను ముప్పై రెండో చావు

రెండు వేల అయిదు నాటికి స్తెఫను సినిమాల్లో ముప్పై ఒక్కసార్లు చనిపోయాడు. అందులో ఒక్క చావు కూడా కప్పు కింద జరగలేదు. ఈ సంగతి కంపెనీవాళ్ళకు తెలియదు, స్తెఫను కూడా పట్టించుకోలేదు. పట్టించుకున్నది వాళ్ళమ్మ విశ్రాంతమ్మ. ఆమెకు అక్షరాలు రావు గానీ జ్ఞాపకం గట్టిది. కొడుకు ఏ సినిమాలో ఎక్కడ పడ్డాడో, పడ్డప్పుడు తల ఎటువైపు ఉందో, ఆ రోజు తాను ఏ చీర కట్టుకుని హాలుకు వెళ్ళిందో కూడా చెప్పగలదు. మొదటిసారి మద్దిచెట్టుకు కట్టేసి కొట్టారు. రెండోసారి వాగులో బోర్లాపడ్డాడు. మూడోది పులి. ఆ పులి గుడ్డతో చేసింది, ఒక కన్ను ఊడిపోయి ఉంది, అయినా విశ్రాంతమ్మ హాల్లో లేచి నిలబడి దాన్ని తిట్టింది. పంతొమ్మిదో సినిమాలో అయితే మనిషే కనబడడు. పొదల్లోంచి ఒక అరుపు వినబడుతుంది, అంతే. ఆ అరుపు స్తెఫనుది.

జూలూరుపాడు నుంచి టేకులపల్లి వైపు వెళ్ళే దారిలో, వాగుకు అవతల పెద్ద ఊరు, ఇవతల వాళ్ళ పల్లె. కొడుకు సినిమా విడుదలైన ప్రతిసారీ విశ్రాంతమ్మ ఇంట్లో కృతజ్ఞత కూడిక పెట్టేది. ఎవరైనా పెద్ద జబ్బు నుంచి లేస్తేనో, లారీ కింద పడబోయి తప్పించుకుంటేనో పెట్టుకునే కూడిక అది. స్తెఫను కూడా చచ్చి ఇంటికి వచ్చినవాడే కాబట్టి పెట్టక తప్పదని ఆమె వాదన. పాస్టరు శాంతికుమార్‌కు మొదట్లో ఇబ్బందిగా ఉండేది.

"విశ్రాంతమ్మగారూ, మనోడు నిజంగ చావలేదు గదా" అన్నాడొకసారి.

"అందుకే గదయ్యా కృతజ్ఞత. నిజంగ సచ్చినంక పెట్టుకుంటే దాన్నేమంటరు?"

పాస్టరు కాసేపు ఆలోచించి, ఆమె చెప్పిందాంట్లో తప్పు కనబడక, ప్రార్థన చేసి, పులిహోర తిని వెళ్ళాడు. ముప్పై ఒక్కసార్లూ అలాగే వెళ్ళాడు.

నిజానికి స్తెఫను ఆటో డ్రైవరు. పదకొండేళ్ళ కింద ఒక సినిమా కంపెనీ అడవికి వచ్చినప్పుడు ఆటో కిరాయికి మాట్లాడుకున్నారు. డైరెక్టరు ఎక్కి కూర్చుని, ముందున్న అద్దంలో అతని మొహం చూసి, "నువ్వు బాగా నలుపయ్యా" అన్నాడు. "అవ్ సార్" అన్నాడు స్తెఫను. అంతకుమించి ఎవరూ ఏమీ అడగలేదు. ఆ సాయంత్రమే మద్దిచెట్టుకు కట్టేశారు.

అప్పటి నుంచీ ఏ సినిమాలోనైనా అతను అడవి మనిషే. జలగంటే భయం, చెట్టెక్కడం రాదు, అయినా అడవి మనిషే. పైగా ప్రతి డైరెక్టరూ అతని చేత ఒక కొత్త భాష మాట్లాడించేవాడు. కోయగూడెం నుంచి చీపుర్లు అమ్ముకోవడానికి వచ్చే నాగక్క, విశ్రాంతమ్మకు ముప్పై ఏళ్ళ స్నేహితురాలు, ఒకసారి సినిమా చూసి వచ్చి స్తెఫనును నిలదీసింది.

"ఏం రా, అది మా మాట కాదు, మీ మాట కాదు. ఎవరిది?"

"డైరెక్టరుగారిది, నాగక్కా."

"వాళ్ళింట్ల గట్లనే మాట్లాడుకుంటరా?"

ఇంకో విచిత్రం మేకప్పు. నలుపని చూసి తీసుకున్న మనిషికి మళ్ళీ ఒళ్ళంతా నల్లరంగు పూసేవారు. పూసేది మోతీలాల్, టేకులపల్లి దగ్గరి తండావాడే, హైదరాబాద్ పోయి పని నేర్చుకున్నవాడు. "నల్లోన్నని తీసుకున్నరు గద, మళ్ళ ఇదెందుకు?" అని స్తెఫను అడిగితే మోతీలాల్ డబ్బా కలుపుతూ, "తీసుకున్నది నిన్నే అన్నా. కావాల్సింది ఇంకొకడు" అన్నాడు.

ఆ రంగు వల్ల భోజనం దగ్గర కూడా చిక్కు వచ్చింది. పేరున్నవాళ్ళకు కుర్చీలు, పేరు లేనివాళ్ళకు నేల. స్తెఫను పేరు తెర మీద పడుతుంది కాబట్టి నేల మీద కూర్చోకూడదు. కుర్చీలో కూర్చుంటే కుర్చీకి రంగు అంటుతుంది. అందుకని పదకొండేళ్ళు నిలబడి తిన్నాడు.

విశ్రాంతమ్మకు ఇవేవీ పెద్ద బాధ కాదు. ఆమె బాధల్లా ఒకటే. ముప్పై ఒక్కసార్లు పోయిన కొడుకుకు ఒక్కసారి కూడా పైన కప్పు లేదు, కింద మంచం లేదు, నోట్లో రెండు చుక్కల నీళ్ళు పోసినవాళ్ళు లేరు. ఒక సినిమాలో హీరోగారి గుర్రం పోయినప్పుడు కొట్టంలో పడుకోబెట్టి ఏడ్చారు. ఆమె అది కూడా మరచిపోలేదు.

"ఒక్కసారి మనిషి లెక్క సచ్చిపో బిడ్డా, నాకు సూడాలని ఉంది" అనేది కొడుకుతో.

"తల్లివై ఉండి గదేం కోరికే" అని నాగక్క కసురుకునేది.

"నువ్వు ఊకో. ఎట్లనన్న సంపుతనే ఉన్నరు. ఇంట్ల సంపమంటున్న, అంతే గద."

ఆ ఎండాకాలం ఆమె మాట ఫలించింది. పెద్ద ఊళ్ళో వెంకటరామారావుగారి మేడలో షూటింగు అన్నారు. స్తెఫను ఈసారి నమ్మకస్తుడైన పాలేరు. గేటు దగ్గర హీరో కోసం తుపాకి గుండుకు అడ్డం పడతాడు. హీరో అతన్ని భుజాన వేసుకుని లోపలికి తెచ్చి పెద్ద పందిరిమంచం మీద పడుకోబెడతాడు. హీరో తల్లి ఇత్తడి గ్లాసుతో నోట్లో నీళ్ళు పోస్తుంది. అతను "అమ్మా, పోయొస్త" అని పోతాడు. అచ్చంగా మనుషుల భాషలో అతనికి దొరికిన మొదటి మాట అది. విశ్రాంతమ్మ ఆదివారం చర్చిలో లేచి నిలబడి సాక్ష్యం చెప్పింది, తన కొడుకు పందిరిమంచం మీద చనిపోబోతున్నాడని. అందరూ స్తోత్రం అన్నారు.

వెంకటరామారావుగారి తండ్రి కృష్ణా జిల్లా నుంచి వచ్చి ఇక్కడ మిరపతోటలు వేసినవాడు. ఈయన మేడ కట్టాడు. ఆ మేడ సినిమాలో కనబడాలని చాలా ఏళ్ళుగా కోరిక. కంపెనీ అడగ్గానే లేత గులాబీ రంగు వేయించి, తల్లాడ నుంచి సత్తుపల్లి దాకా ఉన్న బంధువులందరికీ ఫోన్లు చేశాడు. షూటింగు రోజు పొద్దున డైరెక్టరు అరుగు మీద కూర్చుని సీను చదివి వినిపిస్తుంటే మంచం దగ్గరికి వచ్చేసరికి ఆయన చెయ్యి ఎత్తాడు.

"ఆ పాలేరు వేషం ఎవరిదండీ? మన స్తెఫనుదా?"

"అవునండీ."

"మంచివాడు. వాళ్ళమ్మ మా తోటలో ఇరవై ఏళ్ళు కాయ కోసింది. కానీ గడప లోపలికి కుదరదండీ. నాకేం పట్టింపు లేదు. పట్టింపు ఇంటికి."

డైరెక్టరు తలెత్తి ఇంటివైపు చూశాడు. ఇల్లు గులాబీ రంగులో నిలబడి ఉంది.

"ఇది సినిమా కదా రావుగారూ."

"సినిమాయే. మంచం మాత్రం మాది."

డైరెక్టరుకు కోపం రాలేదు. ఇలాంటివి ఆయనకు కొత్త కాదు; ఒక ఊళ్ళో బావి, ఇంకో ఊళ్ళో రథం. స్తెఫనును పిలిచి చల్లగా చెప్పాడు. "నువ్వు గేటు దగ్గర గుండు తిని పడిపోతావు. గడప దాటేటప్పుడు నీ చొక్కాలో గడ్డి కూరి హీరోగారు మోసుకెళ్తారు, గడ్డికి అభ్యంతరం లేదన్నారు. మంచం మీద డూపు. నీ గొంతు తర్వాత కలుపుతాం. గొంతు లోపలికి రావడానికి రావుగారు ఒప్పుకున్నారు."

స్తెఫను తల ఊపి, గేటు బయట వేపచెట్టు కింద కూర్చున్న తల్లి దగ్గరికి వచ్చి ఆ మాటే చెప్పాడు. విశ్రాంతమ్మ ఆ రోజు కోసం చర్చికి కట్టుకునే తెల్లచీర కట్టుకుని వచ్చింది.

"గొంతు లోపల, నువ్వు బయట. మరి నీళ్ళు ఎవరి నోట్ల పోస్తరు?"

"డూపు నోట్ల."

"వానికేమన్న గుండు తగిలిందా?"

ఆమె వక్క నములుతూ మేడవైపే చూస్తూ కూర్చుంది.

డూపు ఎవరన్నది ఇంకో చిక్కు. గడప లోపలికి రాదగినవాడై ఉండాలి, నల్లరంగు పూయించుకోవడానికి ఒప్పుకోవాలి. ఒప్పుకున్నది ఒక్కడే, రావుగారి కొడుకు సాయికిరణ్, ఇంజనీరింగు చదువుతూ సెలవులకు వచ్చినవాడు. సినిమా అంటే అతనికి ప్రాణం. మోతీలాల్ అతన్ని స్టూలు మీద కూర్చోబెట్టి, ఎంత నలుపు కావాలో తెలియడానికి స్తెఫనును ఎదురుగా కూర్చోబెట్టుకున్నాడు. రెండు డబ్బాలు అయిపోయాయి. సాయికిరణ్ ఇంకా చామనఛాయకే వచ్చాడు.

"స్తెఫనన్నకు పావు డబ్బా సరిపోతది. ఈ బాబు తాగుతుండు" అని మోతీలాల్ విసుక్కుని, వంటవాళ్ళ దగ్గర కొత్తగూడెం బొగ్గు తెప్పించి, నూరించి, ఆముదంలో కలిపి పట్టించాడు. ఆ లోపల స్తెఫను సాయికిరణ్‌కు చావడం నేర్పాడు.

"ముందు చేతులు వదిలెయ్యాలె బాబు, కండ్లు తర్వాత. కండ్లు ముందు మూస్తే నిద్రపోయినట్టుంటది."

మధ్యాహ్నానికి సాయికిరణ్ స్తెఫను కంటే నల్లగా తయారై, స్తెఫను నడిచినట్టే కొంచెం వంగి నడుస్తూ మేడ మెట్లెక్కాడు. లోపల పడక్కుర్చీలో ఉన్న రావుగారు చూశాడు.

"ఆగు. ఎక్కడికి?"

"లోపలికి."

"లోపలికి ఎవరు రమ్మన్నారు? పొద్దున్నే డైరెక్టరుతో చెప్పానా లేదా?"

"నాన్నా, నేను."

"నోరు చూడు వీడిది. నాన్నంట."

రావుగారు చేతికర్ర అందుకునేసరికి వంటింట్లోంచి ఆయన భార్య నిర్మలాదేవి వచ్చింది. "ఆగండి. ఆ చేతికున్న గడియారం మనం కొన్నది" అంది. ఆయన కళ్ళజోడు తెప్పించుకుని, గడియారం చూసి, పళ్ళు చూసి, ఆఖరికి కొడుకేనని ఒప్పుకున్నాడు. ఒప్పుకున్నాక ఇంకా దిగులు పట్టుకుంది.

"నువ్వు నా కొడుకువే సాయీ. కాదనను. కానీ హాల్లో కూర్చున్న జనానికి ఆ సంగతెలా తెలుస్తుంది? నేనే గుర్తుపట్టలేదు. మన మంచం మీద వాడు పడుకున్నాడనే గదా అనుకునేది."

దానికి ఉపాయం కూడా ఆయనే చెప్పాడు. మంచం కనబడుతున్నంతసేపూ తెర కింద అక్షరాలు వెయ్యాలి: పడుకున్నది రావుగారి అబ్బాయి సాయికిరణ్, బీటెక్ రెండో సంవత్సరం. డైరెక్టరు తల పట్టుకున్నాడు. "చచ్చే సీన్లో అక్షరాలు వేస్తే జనం చదువుకుంటారండీ, ఏడవరు" అన్నాడు. రావుగారు వినలేదు. షూటింగు ఆగిపోయింది.

ఇంతలో ఆముదం కారి గచ్చు మీద చుక్కలు పడుతున్నాయని నిర్మలాదేవి కొడుకును మెట్లు దింపింది, కడుక్కునేదాకా లోపలికి రావద్దని. కరెంటు లేదు, మోటారు ఆడదు. సాయికిరణ్ వాగుకు పోదామని బయల్దేరాడు. వాగు ఎండిపోయి ఉంది. వాగు దాటగానే మొదటి ఇల్లు విశ్రాంతమ్మది. ఆమె అప్పుడే విసిగి ఇంటికి వచ్చి, వాకిట్లో కాళ్ళు కడుక్కుంటోంది. నల్లగా, నీరసంగా ఎవరో వచ్చి నిలబడటం చూసింది. కంపెనీలో కొత్తగా చేరిన అడవి మనిషి అనుకుంది.

"కూసో బిడ్డా, ఎండన పడి వచ్చినవ్. ఏ ఊరు మీది?"

"ఈ ఊరే."

"అవ్ అవ్, మావోడు కూడ ప్రతి సినిమాల ఈ ఊరే" అని నవ్వి, కుర్చీ వేసి, గ్లాసుతో నీళ్ళిచ్చి, నీళ్ళ గోళెం దగ్గర కూర్చోబెట్టి కిరసనాయిలు, కుంకుడుకాయ పెట్టి రుద్దింది. రుద్దగా రుద్దగా ఒక చెవి తెల్లగా బయటపడింది. విశ్రాంతమ్మ చేతులు వెనక్కి తీసుకుంది.

"అయ్యో, బాబుగారు, మీరా."

"ఆపావేం? రుద్దు. ఇందాక బిడ్డా అన్నావుగా."

"ఇందాక మీరు మావోడు అనుకున్న."

సాయికిరణ్‌ను వెతుక్కుంటూ డైరెక్టరు అక్కడికే వచ్చాడు. వచ్చినవాడు సాయికిరణ్‌ను వదిలేసి, తలుపులోంచి లోపలికి చూస్తూ నిలబడిపోయాడు. ఒకటే గది. పైకప్పు పెంకుల మధ్య ఒక గాజు పెంకు. దాంట్లోంచి వెలుగు తిన్నగా నులకమంచం మీద పడుతోంది. స్టూడియోలో రెండు రోజులు లైట్లు పెట్టినా అలాంటి వెలుగు రాదు.

"అమ్మా, మంచం సీను ఇక్కడ తీసుకోవచ్చా? మీకేమైనా పట్టింపు..."

"మాకు లేదయ్యా. ఇంటికుందేమో తెల్వదు, ఎన్నడు అడగలే."

గేటు దగ్గరి సీను, గడ్డి గడప దాటేది ఆ సాయంత్రమే మేడ దగ్గర తీసేశారు. మర్నాడు ఆ గదిని మేడలోపలి గదిగా మార్చారు. ట్రంకుపెట్టె, పొయ్యి, గోడమీది చర్చి క్యాలెండరు బయట పెట్టారు. కిటికీ లేని చోట పరదా కట్టారు. కొత్తగూడెంలో ఎక్కడో పందిరిమంచం కిరాయికి దొరికింది. ఇత్తడి గ్లాసు మాత్రం ఎవరికీ గుర్తు రాలేదు. దాన్ని సాయికిరణ్ తెచ్చాడు. "అమ్మ ఇచ్చింది. మళ్ళీ తేవాల్సిన పని లేదని చెప్పమంది" అన్నాడు. విశ్రాంతమ్మ ఆ గ్లాసును చేతిలో తిప్పి తిప్పి చూసింది. ఇచ్చినట్టో, పారేసినట్టో అర్థం కాలేదు. చింతపండుతో తోమి పెట్టింది.

ఆ మధ్యాహ్నం భోజనాల దగ్గర స్తెఫను కూర్చుని తిన్నాడు, తన ఇల్లు కాబట్టి. హీరో నిలబడి తిన్నాడు, గుమ్మంలో కుర్చీ పట్టలేదు కాబట్టి. హీరో తల్లి వేషం వేసిన పెద్ద నటి నులకమంచం మీద కూర్చుని, విశ్రాంతమ్మ పెట్టిన గోంగూర రెండోసారి అడిగి వేయించుకుంది.

అందరూ చేతులు కడుక్కుంటున్నప్పుడు విశ్రాంతమ్మ ఒక్కతే గదిలోకి వచ్చింది. పందిరిమంచం తలవైపు గోడ బోసిగా ఉంది. క్యాలెండరు ఉన్న చోట నలుచదరంగా కొంచెం తెల్లటి మచ్చ. కొడుకు ఇన్నాళ్ళకు ఇంట్లో పోతున్నాడు. పోయేవాడి తల మీద వాక్యం లేకుండా ఎట్లా? ఆమెకు మనసొప్పలేదు. క్యాలెండరు తెచ్చి మేకుకు తగిలించింది. గొర్రెపిల్లను ఎత్తుకున్న కాపరి బొమ్మ, కింద పెద్ద అక్షరాల్లో చర్చి పేరు.

తర్వాత వచ్చినవాళ్ళందరూ వెలుగు జారిపోతుందన్న తొందరలో గాజు పెంకువైపు చూశారే తప్ప గోడవైపు చూడలేదు. మోతీలాల్ పావు డబ్బా పూశాడు. స్తెఫను పడుకున్నాడు. పెద్ద నటి అతని తల ఒళ్ళో పెట్టుకుని ఇత్తడి గ్లాసు ఎత్తింది. నీళ్ళు పెదవి మీద నుంచి జారి చెంప మీద నలుపును చెరిపి సన్నగా ఒక దారి చేశాయి. దారి అడుగున స్తెఫను సొంత రంగు కనబడింది.

"అమ్మా, పోయొస్త" అన్నాడు. ముందు చేతులు వదిలాడు, తర్వాత కళ్ళు.

గుమ్మం దగ్గర విశ్రాంతమ్మ కొంగు నోట్లో పెట్టుకుంది. డైరెక్టరు కట్ అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. స్తెఫను లేవలేదు. ఎవరో భయపడి కుదిపితే గురక వినిపించింది. పరుపు మీద పడుకోవడం అతనికి అదే మొదలు.

సినిమా దసరాకు వచ్చింది. కొత్తగూడెం హాల్లో కింద బెంచీల్లో విశ్రాంతమ్మ, నాగక్క, మధ్యలో స్తెఫను. బాల్కనీలో రావుగారు, ముప్పై మంది బంధువులు. తెర మీద గులాబీ మేడ కనబడగానే పైనుంచి ఈలలు వినిపించాయి. గేటు దగ్గర స్తెఫను గుండు తిన్నాడు. హీరో భుజాన గడ్డి గడప దాటింది. ఆ వెంటనే విశ్రాంతమ్మ ఇల్లు.

గాజు పెంకు వెలుగు, పెచ్చులూడిన గోడ, ఒక మూల బల్లి, మంచం పైన చర్చి క్యాలెండరు. అది తెరంత పెద్దగా ఉంది. నీళ్ళు నోట్లో పడ్డాయి. విశ్రాంతమ్మ కళ్ళు తుడుచుకుంటూ, "సూసినవా, ఎంత మంచిగ సచ్చిండో" అంది. నాగక్క కూడా ఏడ్చింది. "మాట కూడ మంచిగ మాట్లాడిండు. అర్థమైంది" అంది.

బాల్కనీలో మాత్రం చప్పుడు లేదు. చాలాసేపటికి సత్తుపల్లి నుంచి వచ్చిన రావుగారి చెల్లెలు వంగి అడిగింది.

"అన్నయ్యా, బాప్తిస్మం ఎప్పుడు తీసుకున్నారు? మాకు ఒక్క మాట చెప్పలేదే."

"అది మా ఇల్లు కాదే."

"గడప దాటడం చూశాం గదా. పోన్లే, ఎవరి నమ్మకం వాళ్ళది. కానీ ఇంత మేడ కట్టి లోపల సున్నమైనా వేయించలేదేం అన్నయ్యా?"

రావుగారిని రెండో మాటే ఎక్కువ బాధించింది. మర్నాడు బంధువులందరినీ మేడలోపలికి తీసుకెళ్ళి గదులు చూపించాడు. వాళ్ళు మర్యాదగా చూసి, "క్యాలెండరు తీసేశారా? తీయకపోతే ఏం, మేమేమన్నా పరాయివాళ్ళమా" అన్నారు. ఎంత చెప్పినా నమ్మలేదు. సినిమాలో కళ్ళారా చూసినదాన్ని మాటతో ఎలా చెరుపుతాడు? ఆఖరికి సాక్ష్యం కావాల్సి వచ్చింది. సాయికిరణ్ మోటారుసైకిలు మీద వెళ్ళి విశ్రాంతమ్మను ఎక్కించుకుని వచ్చాడు. ఆమె ఒక చేతిలో క్యాలెండరు చుట్టి పట్టుకుంది, ఇంకో చేతిలో గుడ్డసంచి.

చెప్పులు విడిచే చోటికి వచ్చి, ఎప్పుడూ నిలబడే రాయి దగ్గర ఆగింది.

"లోపలికి రా విశ్రాంతమ్మా" అన్నాడు రావుగారు.

"పట్టింపు ఉంటది గదయ్యా."

"ఎవరికి?"

"ఇంటికి."

ముప్పై మంది బంధువులు ఆయనవైపు చూశారు. ఆయన కాసేపు గులాబీ గోడలవైపు చూసి, "ఏం లేదు, రా" అన్నాడు.

ఆమె గడప దాటింది. అన్ని గదులూ నిదానంగా చూసుకుంటూ, తొందరేమీ లేకుండా పడకగదిలోకి వచ్చి, అసలు పందిరిమంచం చుట్టూ తిరిగి వచ్చింది. మోకాళ్ళు నొస్తున్నాయని దాని మీద కూర్చుంది. ఎవరూ ఏమీ అనలేకపోయారు, సాక్షి కాబట్టి.

"ఇప్పుడు నువ్వే చెప్పు. సినిమాలో ఉన్నది ఈ గదేనా?" అన్నాడు రావుగారు.

"కాదమ్మా" అంది ఆమె బంధువులవైపు తిరిగి. "నా కొడుకు ఈడ సావలే. మా ఇంట్ల సచ్చిండు. ఈ క్యాలెండరు మాది. ఆ బల్లి కూడ మాదే. కావాలంటే రండి, సూపిస్త."

విశ్రాంతమ్మ సంచిలోంచి ఇత్తడి గ్లాసు తీసి నిర్మలాదేవి చేతికి అందించింది. "మళ్ళ తేవద్దన్నరంట. ముసలిదాన్ని, మరిచిపోయి తెచ్చిన" అంది. నిర్మలాదేవి అందరి ముందూ దాన్ని అందుకుంది. ఏం చెయ్యాలో తోచక చాలాసేపు పట్టుకుని నిలబడింది. తర్వాత లోపలికి వెళ్ళి దాన్నిండా నీళ్ళు తెచ్చింది.

"ఎండన పడి వచ్చావు. తాగు."

విశ్రాంతమ్మ అలవాటు కొద్దీ దోసిలి పట్టింది. ఇరవై ఏళ్ళు తోటలో అలాగే తాగింది. తర్వాత దోసిలి విప్పి, గ్లాసే అందుకుని, కడుపునిండా తాగి, గ్లాసు మంచం మీద పెట్టి లేచింది.

ఆ ఆదివారం మళ్ళీ కృతజ్ఞత కూడిక. పాస్టరు శాంతికుమార్ ప్రార్థనకు మోకరించబోతూ, "ముప్పై రెండోది గదా, స్తెఫను కోసం" అన్నాడు.

"వానికెందుకయ్యా? వాడు సొంతింట్ల మంచిగ పోయిండు. ఈసారి నా కోసం చెయ్యి. రావుగారింట్లకు పోయి మళ్ళొచ్చిన."